నలభై ఒకటో జీవం

తిరుపతి బస్టాండు ఎదురుగా ఉన్న కాఫీ కొట్టులో నిన్న పొద్దున ఎవరో స్టీలు గ్లాసులో చెంచాతో చక్కెర కలిపారు. టింగ్, టింగ్, చివర్లో గ్లాసు అంచు మీద చిన్నగా ఒక టిణిక్. నా చేతిలోని ఇడ్లీ ముక్క నోటిదాకా వచ్చి ఆగిపోయింది. కాఫీ కలిపే చప్పుడుకు ఎవరైనా ఉలిక్కిపడతారా అని మీరు నవ్వవచ్చు. నేను పడతాను. ఎనిమిదేళ్ళ కింద ఆ చప్పుడు మూడు వందల ఫోన్లలో ఉండేది. అది మోగడం కోసం జనం తెల్లారకముందే లేచి కూర్చునేవారు. దాన్ని తన కాఫీ గ్లాసు నుంచి పట్టి ఫోన్లలో పెట్టిన మనిషి పేరు ధనకోటి. మేము ధనకోటి సార్ అనేవాళ్ళం.

అప్పుడు నేను ఫోనులో ఆడే ఆటలు తయారుచేసే ఒక చిన్న సంస్థలో పనిచేసేదాన్ని. తిరుపతిలోనే, ఒక మందుల షాపు పైన రెండు గదులు, ఏడుగురు మనుషులు. మాది ఏర్పేడు దగ్గర పల్లె. నాయన వేరుశనగ వేసేవాడు. మా ఇంట్లో నెలజీతం మీద కూర్చున్న మొదటి మనిషిని నేనే కాబట్టి, ఆ కుర్చీ కదిలితే ప్రాణం పోతుందన్నట్టు గట్టిగా పట్టుకుని కూర్చునేదాన్ని. ధనకోటి సార్ నగరి మనిషి. మరమగ్గాల ఇంట్లో పుట్టి, చీరల డిజైన్లు ముందు గళ్ళ కాగితం మీద, తరువాత కంప్యూటర్లో గీసి, యాభై దాటాక మా ఆటకు రంగులు వేయడానికి వచ్చాడు. పొట్టి చేతుల తెల్లచొక్కా, జేబులో నాలుగు రంగుల పెన్ను. ఏం మాట్లాడుతున్నా బొటనవేలు మిగతా వేళ్ళ కణుపుల మీద లెక్కపెడుతూనే ఉండేది. రోజూ నగరి నుంచి బస్సులో వచ్చి బస్సులో పోయేవాడు.

మా ఆటలో శేషాచలం లాంటి ఒక అడవి ఉండేది. అందులో నడుస్తూ పోతే పునుగుపిల్లులు, దేవాంగపిల్లులు, బంగారు బల్లులు, మేము తగిలించిన రెక్కలతో కొమ్ములతో ఎదురయ్యేవి. వాటిని మచ్చిక చేసుకుని దాచుకోవాలి. ఇటువంటి ఆటలన్నిటిలోనూ ఒక ఊరింపు ఉంటుంది. వేలల్లో ఒకసారి అదే జీవం వేరే రంగులో వస్తుంది. దానికి బలం ఎక్కువేమీ ఉండదు, ఉపయోగమూ ఉండదు, రంగు మాత్రమే వేరు. దానికోసం మనుషులు నెలల తరబడి ఆడతారు. మా వైపు జీవాలంటే గొర్రెలూ మేకలూ కదా, అందుకని సార్ నన్ను చూడగానే "ఏం పాపా, ఈ పొద్దు ఎన్ని జీవాలు తోలుకోనొచ్చినావు?" అని పలకరించేవాడు.

చేరిన మొదటి వారంలోనే ఆయన్ని అడిగేశాను, ఉపయోగం లేని రంగుకు ఇంత ఆరాటం ఎందుకని. ఆయన సొరుగు లాగి రెండు చీర ముక్కలు తీసి నా ముందు పరిచాడు. ఒకటి ఎరుపు, ఒకటి చిలకపచ్చ. అంచున అవే నెమళ్ళు.

"ఈ రెండిట్లో డిజైను యాడ మారింది, సూడు."

"మారలేదు సార్. రెండూ ఒకటే."

"మారలేదు గదా. నూలు కండె మార్చినారు, అంతే. మీ ఆటల్లో గూడా అదే కత."

అది నిజమే. పాత చేతి ఆటయంత్రాల్లో జాగా చాలా తక్కువ ఉండేది. అందుకని బొమ్మను ఒకచోట, రంగుల పట్టీని ఇంకోచోట దాచేవారు. బొమ్మలోని చుక్కకు తన రంగేమిటో తెలియదు. పట్టీలో రెండోదో మూడోదో అన్నంత వరకే తెలుసు. పట్టీ మారిస్తే చాలు, కొత్తగా గీత గీయకుండానే కొత్త జీవం వస్తుంది. నలుపు తెలుపు యంత్రాలకు రంగులు వచ్చిన కొత్తలో, మా దగ్గర రంగులున్నాయని చూపించుకోవడానికే ఈ విచిత్రం పెట్టారని సార్ అనేవాడు. ఎవరికి ఎప్పుడు రావాలో పాచిక తేలుస్తుంది. జీవం పుట్టగానే దానికొక గుప్తసంఖ్య పడుతుంది, ఆడేవారికి ఒక సంఖ్య ఉంటుంది, రెండూ ఒక రకంగా కలిస్తే రంగు మారుతుంది. ఆ పాత ఆటల్లో అది ఎనిమిది వేల పైచిలుకులో ఒకసారి. మా ఆటలో నాలుగు వేలల్లో ఒకసారి.

"ఈ పచ్చముక్క తప్పు పాపా," అన్నాడు సార్, ముక్కల్ని మడతపెడుతూ. "నా చిన్నప్పుడు మగ్గానికి ఎర్ర కండె బదులు పచ్చది ఎక్కించేసినారు. మా నాయన నెత్తి కొట్టుకున్యాడు. షావుకారు పక్కన పారేసినాడు. ఒకామె వచ్చి, నాకు అదే కావాలని పట్టుబట్టి తీసకపాయె, కొన ముక్క ఇది మిగిలింది. సరే, జనాలకు నచ్చతా ఉండాదని మళ్ళా పది చీరలు పచ్చవి నేసినాము. ఎవురూ కొనలే."

"ఎందుకు సార్?"

"అవి కావాలని నేసినవి గదా."

నాకు అప్పుడు అది ముసలివాళ్ళు చెప్పే ముచ్చటలా అనిపించింది.

రంగుపాచిక రాసే పని నాది. కంప్యూటరుకు నిజమైన అదృష్టం తెలియదు. దానికి ఒక మొదటి అంకె ఇస్తే దాన్నుంచి మిగతావి తిప్పుకుంటూ పోతుంది. మొదటి అంకె అదే అయితే వరుస కూడా అదే. ఈ సంగతి నాకు బాగా తెలుసు, తెలియక చేసిన తప్పు కాదు నాది. సర్వరుకు పూజ చేయించిన రోజు పంతులు గారు తొమ్మిదీ పన్నెండుకు ముహూర్తం పెట్టారు. మా యజమాని మనోహర్ గారు కంప్యూటరు ముందు టెంకాయ కొట్టి, చేతులు తుడుచుకుంటూ నా దగ్గరికి వచ్చారు. "హేమా, ఆ గడియ నీ కోడులో యాడన్నా పెట్టమ్మా, కలిసొస్తాది" అన్నారు. ఆయన ముందు మంచిపేరు కొట్టేయాలన్న తాపత్రయం నాకు. ఆ తేదీనీ గడియనూ ఒక సంఖ్యగా మార్చి, దానికి ఆడేవారి సంఖ్య కలిపి, పాచికకు మొదటి అంకెగా పెట్టేశాను. ఇంత చక్కటి చోటు ఇంకెక్కడుంటుందని మురిసిపోయాను కూడా. ఆ మధ్యాహ్నమే సార్ తన కాఫీ గ్లాసులో చెంచా తిప్పి, అరుదైన రంగు ఎదురైనప్పుడు మోగే చప్పుడు పట్టాడు.

విడుదలకు ముందు మూడు వారాలు మూడు వందల మందికి ఆట ఇచ్చి చూశాం. రోజుకు ఒకరికి యాభై జీవాలకు మించి ఎదురుకావు, అది హద్దు. మూడో వారం చివర ఆదివారం నాడు ఒక హాలు తీసుకుని, ఆడినవాళ్ళందరినీ పిలిచాం. మధ్యాహ్నం మూడింటికి వేదిక మీద మనోహర్ గారు మాట్లాడాలి. పొద్దున పది గంటలకే గొడవ మొదలైంది. నగరిలో మరమగ్గాల షెడ్డులో నూలు చుట్టే కవిత అనే అమ్మాయి దగ్గర పదకొండు అరుదైన జీవాలు ఉన్నాయి. మిగతా ఎవరి దగ్గరా ఒక్కటి కూడా లేదు. హాలు గోడకు అంటించిన జాబితా చూసి, దొంగాట అని అందరూ మా మీద పడ్డారు.

మనోహర్ గారు చెడ్డమనిషి కాదు, తొందర మనిషి. మూడింటికి తెర మీద కవిత పేరు వేసి, మోసం చేసినందుకు తీసేస్తున్నామని చెప్పడానికి అప్పటికప్పుడు బొమ్మ తయారు చేయించారు. అంతటితో ఆగక ధనకోటి సార్ వైపు తిరిగారు. "మీ ఊరి పిల్లే గదా సార్?"

"మా ఊరే. మా వీధి గూడా," అన్నాడు సార్. ఆయన బొటనవేలు కణుపుల మీద ఆగిపోయింది. ఆయన వేలు ఆగడం నేను చూడటం అదే మొదటిసారి.

పన్నెండింటికి కవిత బస్సు దిగి వచ్చింది. ఇరవై ఏళ్ళు ఉంటాయేమో. చున్నీ మీద నూలు పోగులు అక్కడక్కడా అంటుకుని ఉన్నాయి. తనకేదో బహుమతి ఇస్తారనుకుని నవ్వుతూ వచ్చింది. పక్క గదిలో కూర్చోబెట్టి సార్ అడిగాడు.

"ఎట్ల పట్టినావమ్మా పదకొండు?"

"నేనేం జెయ్యలే సార్. పొద్దున ఆరుకు ఆట మళ్ళా మొదలవతాది గదా, షెడ్డుకు పొయ్యేలోపల ఆడతాను. కండెలు లెక్కబెట్టే అలవాటు నాకు, వీటిని గూడా లెక్కబెట్న్యా. నలభై దాటే టైముండిన దినాల్లో నలభై ఒకటోది ఎప్పుడూ రంగు మారే వస్తాది." ఆ అమ్మాయి మా ముఖాలు చూసి తడబడింది. "అందరికీ అంతే గదా సార్? నేను అట్లనే అనుకున్యా."

"సూడండి, ఎన్నోది వస్తాదో గూడా తెలుసంట!" అన్నారు మనోహర్ గారు. "లోపలోళ్ళు చెప్పకుండా ఎట్ల తెలుస్తాది?" ఆయన చూపు కవిత మీద లేదు. సార్ మీద ఉంది.

తలుపు దగ్గర నిలబడిన నా బుర్ర 'పొద్దున ఆరుకు' అన్న మాట దగ్గరే ఆగిపోయింది. రోజూ ఆరు గంటలకు మా సర్వరు ఆగి మళ్ళీ మొదలవుతుంది. దాంతోపాటు నా పాచిక కూడా. ముహూర్తం అంకెను ఒకసారి ఇచ్చి వదిలేశాననుకున్నాను. అది ప్రతి ఉదయం మళ్ళీ అదే అంకె నుంచి బయల్దేరుతోంది. ఏ జీవం రావాలన్నది వేరే పాచిక తేల్చేది కాబట్టి రోజూ వేరువేరు జీవాలే వచ్చేవి. రంగుల వరుస మాత్రం ఏ మనిషికి ఆ మనిషిది రోజూ ఒకటే. అందుకే ఎవరికీ అనుమానం రాలేదు. ఆ క్షణంలోనే నాకు మొత్తం అర్థమైంది. నోరు మాత్రం తెరవలేదు. ఇప్పటికీ ఆ రెండున్నర గంటలు తలుచుకుంటే నా మీద నాకే అసహ్యం వేస్తుంది. పోతే పోయేది ఎవరో ముక్కూమొహం తెలియని అమ్మాయి పేరు, ఉంటే ఉండేది నా ఉద్యోగం అనే లెక్క వేశాను. పక్కన ధనకోటి సార్ మాట పోతోందని తెలిసీ వేశాను.

పులిహోర పొట్లాలు పంచారు. నాది విప్పకుండా పక్కన పెట్టేశాను. సార్ తన పొట్లం పట్టుకుని వచ్చి నా పక్కన కూర్చున్నాడు.

"పాపా, అందురూ వచ్చినామెనే సూస్తా ఉండారు. నువ్వు రానోళ్ళను సూడు."

"రానివాళ్ళలో చూసేదేముంది సార్? అందరికీ సున్నా."

"అదే సూడమంటా ఉండేది. నాలుగు వేలల్లో ఒకటి అంటిమి. మూడు వందల మంది, మూడు వారాలు. ఎన్ని రావాల?"

లెక్క పెద్దదేమీ కాదు. ఎంత తక్కువ వేసుకున్నా ముప్పై అయిదు, నలభై రావాలి. వచ్చినవి పదకొండు.

"ఆ పిల్ల దొంగతనం చేసుంటే ఆమెకు ఎక్కువ వస్తాయి. మిగతావోళ్ళవి యాడికి పాయ?" అన్నాడు సార్.

"చూస్తాను సార్" అన్నాను. అది అబద్ధం. చూడనక్కరలేదు నాకు. అయినా చేతులు ఊరుకోక, ఒక్కొక్కరి సంఖ్య వేసి ఎవరి అరుదైన జీవం ఎన్నో చోట ఉందో తీశాను. ఒకరిది తొమ్మిది వందల చిల్లర, ఒకరిది రెండు వేల ఆరు వందలు. రోజుకు యాభై హద్దు. మర్నాడు మళ్ళీ ఒకటి నుంచి. ఆ మనుషులు బతికినంతకాలం ఆడినా వాళ్ళకు రాదు. అదృష్టం లేక కాదు, నేను దారి మూసేశాను గనక. వరుసలో కిందికి పోతుంటే ధనకోటి సార్ పేరు కనిపించింది. ఆయనది ఆరు వేల పైన ఎక్కడో ఉంది. మూడు వారాలుగా ఆయన నగరి బస్సులో కూర్చుని ఒక్క రోజు తప్పకుండా యాభైకి యాభై ఆడాడు.

తల ఎత్తితే తలుపులోంచి హాలు కనిపిస్తోంది. కవిత ఒక ప్లాస్టిక్ కుర్చీలో ఒంటరిగా కూర్చుని ఉంది. చుట్టూ రెండు వరుసలు ఖాళీ. ఇద్దరు ముగ్గురు ఫోన్లు ఎత్తి ఆమెను ఫోటో తీస్తున్నారు. ఆ అమ్మాయి చున్నీ మీది నూలు పోగుల్ని ఒక్కొక్కటే ఏరుతూ తల దించుకుని ఉంది.

"సార్, తప్పు నాది," అన్నాను. ఎలా చెప్పానో గుర్తులేదు, ఏడుపు మధ్య చెప్పాను. ఆయన అంతా విన్నాడు.

"ముహూర్తమా?" అన్నాడు. "రోజూ అదే ముహూర్తం పెడ్తే రోజూ అదే పెండ్లి జరగతాది గదా పాపా." నవ్వుతాడేమో అని చూశాను. నవ్వలేదు.

"మీరు చెప్పండి సార్ మనోహర్ గారికి. మీరైతే ఆయన వింటారు."

"నేను జెప్తే మా వీధి పిల్లను కాపాడేదానికి కతలల్లినాడంటారు. ఆమెకు ఇంకా చెడ్డపేరు. నువ్వే జెప్పాల." గోడ గడియారం వైపు చూపించాడు. మూడుకు అయిదు నిమిషాలు తక్కువ. మనోహర్ గారు అప్పటికే మైకు సరిచేసుకుంటున్నారు.

నేను వేదిక ఎక్కేసరికి తెర మీద కవిత పేరు పడింది. హాలంతా ఒక్కసారిగా గుసగుసలు. మనోహర్ గారు ఏమిటన్నట్టు చూశారు. ఆయన చేతిలోంచి మైకు తీసుకున్నాను. లాక్కున్నాను అనడమే నిజం. "ఆమె ఏ తప్పూ చేయలేదు, పాచిక రాసింది నేను, తప్పు నాది" అన్నాను. రోజూ అదే వరుస ఎలా తిరిగివస్తోందో చెప్పాను. ముహూర్తం ఎవరు పెట్టమన్నారో మాత్రం చెప్పలేదు. అది ఎక్కడ పెట్టాలో తెలుసుకోవాల్సింది నేనే కదా. చప్పట్లు కొట్టే కథ కాదు ఇది, ఎవరూ కొట్టలేదు. వెనక వరుసలోంచి ఒక పెద్దాయన లేచాడు. మనవరాలితో కలిసి ఆడేవాడట.

"అంటే మేము ఇన్ని దినాలు పొద్దున్నే లేసి ఆడింది, మాకు ఎప్పటికీ వచ్చేదే కాదా అమ్మా?"

"రాదు. వచ్చేది కాదు" అన్నాను. ఆయన మెల్లగా కూర్చున్నాడు. తిట్టి ఉంటే బాగుండేది.

మనోహర్ గారు తెర మీద పేరు తీసేశారు. కిందికి దిగి కవిత ముందు నిలబడి, ఆమె చేతిలో ఒక నీళ్ళ సీసా పెట్టి వెళ్ళిపోయారు. మర్నాడు నన్ను పిలుస్తారని, తీసేస్తారని బట్టలు కూడా సర్దుకున్నాను. పిలిచి ఒక్క మాటే అన్నారు. "ఆ గడియ తీసెయ్యమ్మా."

ఆ ఆదివారం సాయంత్రం నగరి బస్సు దగ్గరికి సార్‌తో నడిచాను. "మీకు ముందే తెలుసు కదా సార్, తప్పు నాదని? నేనే చెప్పాలని ఆగారు కదా?" అని అడిగాను. ఆయన గొప్పతనం మీద నేను అప్పటికే ఒక కథ కట్టేసుకున్నాను.

"తెల్దు పాపా. ఆ పిల్లే ఏదో చేసుంటాదని నేను గూడా అనుకున్యా. ఆమె అంత స్పష్టంగా జెప్పినాక గూడా అనుకున్యా. లెక్క సూడమన్యది గూడా, మిగతావోళ్ళవి గూడా ఆ పిల్లే తీసిందా అని తేల్చేదానికే." బస్సు మెట్ల దగ్గర ఆగాడు. "సిగ్గుగా ఉండాది నాకు." కవిత అదే బస్సులో కిటికీ పక్కన కూర్చుని ఉంది. ఆయన ఎక్కి, ఆమె ముందు నిలబడి, రెండు చేతులూ జోడించాడు. ఆ అమ్మాయి కంగారుగా లేచి నిలబడటం కిటికీలోంచి చూశాను. ఏం మాట్లాడుకున్నారో వినపడలేదు, బస్సు కదిలింది.

పాచిక సరిచేశాక చెంచా చప్పుడు అక్కడొకటి ఇక్కడొకటి మోగడం మొదలైంది. హాల్లో లేచి నిలబడ్డ పెద్దాయనకు ఒక నీలి పునుగుపిల్లి వచ్చింది. సార్‌కు మాత్రం రాలేదు. ఆ తరువాత ఆట నడిచిన ఆరు నెలలూ ఆయన రోజుకు యాభై ఆడాడు, ఒక్కటీ రాలేదు. ఈసారి అది నా తప్పు కాదు, వంద సార్లు చూసుకున్నాను. ఒకరోజు ఉండబట్టలేక అడిగాను. "సార్, ఒక్క వరుస రాస్తే చాలు, మీకొకటి వచ్చేలా చేస్తాను. ఎవరికీ తెలియదు."

ఆయన నవ్వి సొరుగు తీశాడు. ఆ పచ్చ చీర ముక్క ఇంకా అందులోనే ఉంది. "కావాలని నేసిన పదీ ఎవురూ కొనలే గదా పాపా," అన్నాడు. అంతకంటే వివరించలేదు. అవసరం కూడా లేకపోయింది.

తరువాత ఆట మూతపడింది, మేము తలో దారి పట్టాం. పోయిన వేసవిలో కవిత ఫోన్ చేసి, సార్ పోయారని చెప్పింది. ఆమె ఇప్పుడు ఆయన కంప్యూటరు మీదే చీరల డిజైన్లు గీస్తోంది. ఆయన దగ్గరే నేర్చుకుందట. "సారు ఫోన్లో మన ఆట బొమ్మ ఇంకా అట్లనే ఉండాది అక్కా, నొక్కితే తెరుచుకోదు, అయినా తియ్యలే" అంది. నేను ఫోను పెట్టేసి చాలాసేపు ఏడ్చాను.

ఇప్పుడు నేను చిత్తూరులో హాస్టలు స్కూళ్ళ సీట్లకు లాటరీ తీసే ప్రోగ్రాములు రాస్తాను. ఫలితం రాగానే అందరూ సీటు వచ్చిన పిల్లల జాబితా అడుగుతారు. నేను ముందు రెండోది తెరుస్తాను. రానివాళ్ళ పేర్లు ఒక్కొక్కటీ, వాళ్ళ ఊళ్ళతో సహా చదువుతాను. ఎక్కడైనా వాళ్ళకు దారే లేకుండా చేశానా అని వెతుకుతాను. పూర్తయ్యేదాకా ఎవరు ఎంత తొందరపెట్టినా సంతకం పెట్టను. ఆఫీసులో నాకు నసమనిషి అని పేరు.

నిన్న కాఫీ కొట్టులో కూడా అంతే. గ్లాసు చప్పుడు ఎవరి దగ్గర నుంచి వచ్చిందో చూడలేదు. చుట్టూ చూశాను. మూల బల్ల దగ్గర ఒక పెద్దామె చేతిలో టోకెను పట్టుకుని, నలిగిపోయేదాకా మడతపెడుతూ, అడగడానికి మొహమాటపడుతూ కూర్చుని ఉంది. ఆమె తరువాత వచ్చినవాళ్ళు తాగి వెళ్ళిపోతున్నారు.

"ఏమప్పా," అని కేకేశాను కౌంటరు వైపు, "ఆడ ఆమెకు ఇంకా రాలేదు, సూడు."